అంతియొకయ బంతిలో పుట్టిన మాట

మా నాన్నగారు పోయిన తరువాత ఆయన చదువుకొన్న బైబిలు నా దగ్గరికి వచ్చింది. అట్ట ఊడిపోతే దానికి మా అమ్మ గుడ్డపట్టీ వేసి దారంతో కుట్టింది. అపొస్తలుడైన పౌలు గలతీయులకు వ్రాసిన పత్రికలో, రెండవ అధ్యాయం 16వ వచనం కింద ఎర్ర పెన్సిలుతో గట్టిగా గీసిన రెండు గీతలు ఉన్నాయి. ఆ ఒత్తిడికి వెనక పుట మీద కూడా గాడి పడింది. ధర్మశాస్త్ర సంబంధమైన క్రియల మూలంగా కాదు, యేసుక్రీస్తునందలి విశ్వాసం వల్లనే మనిషి నీతిమంతుడుగా తీర్చబడతాడని చెప్పే వచనం అది. అదే అధ్యాయంలో నాలుగు వచనాల పైన, అంతియొకయ పట్టణంలో కేఫా (అపొస్తలుడైన పేతురుకు మరో పేరు) అన్యజనులతో, అంటే యూదులు కానివారితో, భోజనం చేస్తూ చేస్తూ కొందరు రాగానే భయపడి 'వెనుకతీసి వేరై పోయెను' అని ఉన్న 12వ వచనం దగ్గర ఒక్క గుర్తూ లేదు. ఇది నాన్నగారి లోపమని నేను అనను. మమ్మల్ని పెంచిన లూథరన్ సంఘంలో అందరి బైబిళ్లలోనూ గీతలు ఇట్లాగే ఉండేవి. 16వ వచనం సండే స్కూల్లో కంఠత వాక్యం, కన్ఫర్మేషన్ క్లాసులో పరీక్ష ప్రశ్న, ప్రతి సంవత్సరం అక్టోబరు చివర సంస్కరణ దినాన ప్రసంగ పాఠం. 12వ వచనాన్ని మూలంగా తీసుకొని ఎవరైనా ప్రసంగించగా నేను ముప్పయ్యేళ్లు దాటేదాకా వినలేదు.

ఈ రెండు వచనాల మధ్య ఉన్న దూరాన్ని గురించి రాయాలని చాలాకాలంగా అనుకుంటున్నాను. గడచిన అరవై ఏళ్లలో పౌలు పత్రికల మీద ప్రొటెస్టెంటు పండితుల మధ్య జరిగిన పెద్ద చర్చ, ఒక విధంగా చూస్తే, ఈ నాలుగు వచనాల దూరాన్ని గురించిన చర్చే.

మేము నేర్చుకొన్న పద్ధతిలో 16వ వచనం ఒక న్యాయస్థానం. దేవుడు న్యాయాధిపతి, నేను ముద్దాయిని, నా మీద మోపిన నేరాలన్నీ నిజమైనవే. నా సత్క్రియలు ఏవీ నన్ను విడిపించలేవు, క్రీస్తునందలి విశ్వాసం ఒక్కటే విడిపిస్తుంది. ఈ చిత్రాన్ని మనకు ఇచ్చినవాడు ముఖ్యంగా పదహారవ శతాబ్దపు జర్మన్ సంస్కర్త మార్టిన్ లూథర్. తన లాటిన్ రచనల సంపుటానికి 1545లో, అంటే చనిపోవడానికి ముందటి సంవత్సరం, రాసిన ముందుమాటలో ఆయన తన పాత వేదనను తలచుకొన్నాడు. సన్యాసిగా ఏ దోషం లేకుండా బ్రతికినా, దేవుని ఎదుట తన మనస్సాక్షి నెమ్మది పొందలేదని, రోమీయులకు వ్రాసిన పత్రికలోని 'దేవుని నీతి' అన్న మాటనే తాను ద్వేషించానని, ఆ నీతి దేవుడు శిక్షించే నీతి కాదు, మనిషికి ఉచితంగా ఇచ్చే నీతి అని గ్రహించిన నాడు పరదైసు ద్వారాలు తెరచుకొన్నట్లయిందని చెప్పాడు. గలతీయుల పత్రికను ఆయన తన భార్య కేథరీనాతో పోల్చి, దానికి తాను ప్రధానం చేయబడ్డానని చెప్పుకొన్నాడు. ఆ మాటలు చదివినప్పుడు ఇప్పటికీ నా గొంతు పట్టేస్తుంది. లూథర్ పొందిన ఆ నెమ్మదిని మా నాన్నగారు కూడా పొందారు, ఆయన చివరి వారంలో నేను దాన్ని కళ్లారా చూశాను. కాబట్టి ఇక్కడినుంచి నేను రాసేది ఆ నెమ్మదిని కాదనడానికి కాదు.

అయితే ఆ వేదన పౌలుదేనా? ఈ ప్రశ్నను సూటిగా అడిగినవాడు ఒక లూథరన్ కావడం నాకు చాలా ముఖ్యంగా తోస్తుంది. స్వీడన్‌కు చెందిన క్రిస్టర్ స్టెండాల్ హార్వర్డ్‌లో కొత్త నిబంధన బోధించేవాడు, తరువాతి కాలంలో స్టాక్‌హోమ్ బిషప్పయ్యాడు. ఆయన 1961లో అమెరికా మనస్తత్వ శాస్త్రవేత్తల సంఘం ఎదుట చేసిన ఉపన్యాసం 1963లో అచ్చయింది. పాపభారంతో తనలోకి తాను తొంగి చూసుకొని కుమిలిపోయే మనస్సాక్షి ప్రాచీన క్రైస్తవ వేదాంతి అగస్టీనుది, లూథర్‌ది, వారి తరువాత పాశ్చాత్య ప్రపంచానిదే తప్ప పౌలుది కాదని ఆయన వాదించాడు. ఫిలిప్పీయుల పత్రిక మూడవ అధ్యాయంలో పౌలు తన పూర్వ జీవితాన్ని వర్ణిస్తూ, ధర్మశాస్త్రమువలని నీతి విషయంలో తాను 'అనింద్యుడను' అంటాడు. కుమిలిపోయేవాడి నోట వచ్చే మాట కాదది. పౌలును వేధించిన ప్రశ్న 'కృపగల దేవుణ్ణి నేనెట్లా కనుగొందును' అన్నది కాదని, 'అన్యజనులు యూదులు కాకుండానే దేవుని ప్రజలలో ఎట్లా భాగస్థులవుతారు' అన్నదేనని స్టెండాల్ చెప్పాడు. రోమా పత్రికలో మేము కంఠతా పట్టిన 3:28 వచనానికి వెనువెంటనే వచ్చే మాట ఏమిటో చూడండి: 'దేవుడు యూదులకు మాత్రమే దేవుడా?' ఇన్నేళ్లు ఆ ప్రశ్నను నేను ఒక అలంకారంగా దాటుకొని పోయాను. పౌలు మాత్రం తన వాదమంతా దానిమీదే నిలిపి మాట్లాడుతున్నాడు.

ఆ తరువాత 1977లో అమెరికా పండితుడు ఇ. పి. శాండర్స్ పౌలును, పాలస్తీనా యూదమతాన్ని పక్కపక్కన పెట్టి రాసిన బృహద్గ్రంథం వచ్చింది. ఆ పుస్తకంలో ఎక్కువ భాగం పౌలును గురించి కాదు. క్రీ.పూ. 200 నుంచి క్రీ.శ. 200 వరకు యూదులు రాసుకొన్న గ్రంథాలను, రబ్బీల (యూదుల మతబోధకుల) బోధలను, మృత సముద్రం దగ్గరి గుహలలో దొరికిన ప్రాచీన చుట్టలను ఆయన వరుసగా చదువుతూ పోయాడు. మన ప్రసంగాలలో వినిపించే యూదుడు, అంటే పుణ్యకార్యాలు లెక్కపెట్టుకొంటూ రక్షణను జీతంలా సంపాదించుకోవాలని చూసే యూదుడు, ఆ గ్రంథాలలో ఆయనకు కనబడలేదు. దేవుడు ముందుగా కృపతో ఎన్నుకొని నిబంధన చేశాడు, ధర్మశాస్త్రాన్ని పాటించడం ఆ నిబంధనలో నిలిచి ఉండటానికే గాని అందులోకి ప్రవేశించడానికి కాదు, తప్పిపోయినవారికి ప్రాయశ్చిత్తం ఉంది అన్నదే వారి విశ్వాసమని శాండర్స్ తేల్చాడు. నిజానికి నిర్గమకాండం చదివిన ఎవరికైనా ఇది తెలియాలి. ఎర్రసముద్రం దాటి విడుదల పొందడం ముందు వస్తుంది, సీనాయి పర్వతం దగ్గర ధర్మశాస్త్రం తరువాత వస్తుంది. పది ఆజ్ఞలు కూడా, ఐగుప్తు దాస్యంనుంచి నిన్ను విడిపించిన దేవుడను నేనే అన్న మాటతోనే మొదలవుతాయి.

ఇదే మాటను జార్జ్ ఫుట్ మూర్ అనే పండితుడు 1921లోనే చెప్పాడు. ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. శాండర్స్ నాటికి పట్టించుకొన్నారంటే, దానికి మధ్యలో ఐరోపాలో యూదుల మారణహోమం జరిగిపోయింది. క్రైస్తవ ప్రసంగపీఠాల మీదినుంచి శతాబ్దాలుగా గీసిన యూదుడి బొమ్మకు ఆ నేరంలో ఏ పాలు లేదని చెప్పే ధైర్యం నాకు లేదు. మనలో యూదుణ్ణి కళ్లతో చూసినవారే అరుదు, అయినా మన ప్రసంగాలలో 'పరిసయ్యుడు' (ధర్మశాస్త్రాన్ని నిష్ఠగా పాటించిన ఒక యూదు వర్గంవాడు) అన్న మాట తిట్టుగానే వాడుతాము. ఎవరిని గురించి తెలియకుండా మాట్లాడుతున్నామో ఒక్కసారి నిలిచి ప్రశ్నించుకోవలసిన విషయమిది.

ఇక అంతియొకయ దగ్గరికి వస్తాను. డర్హామ్ విశ్వవిద్యాలయంలో బోధించిన జేమ్స్ డన్, 1982 నవంబరులో మాంచెస్టర్‌లో చేసిన ఒక స్మారకోపన్యాసంలో, ఈ ఆలోచనా ధోరణికి 'కొత్త దృక్పథం' అని పేరు పెట్టి, గలతీ 2:16ను దాని ముందున్న వచనాలతో కలిపి చదివాడు. 'ధర్మశాస్త్ర సంబంధమైన క్రియలు' అంటే పౌలు మనసులో ఉన్నవి సాధారణమైన మంచిపనులు కావు, సున్నతి, ఆహార నియమాలు, విశ్రాంతిదినం వంటివి, అంటే మనవాళ్లెవరో పరాయివాళ్లెవరో వేరుచేసి చూపే గుర్తులు అని ఆయన చెప్పాడు. మృత సముద్రం దగ్గరి కుమ్రాను గుహలలో దొరికి 1994లో పూర్తిగా ప్రచురింపబడిన ఒక లేఖలో 'ధర్మశాస్త్ర క్రియలలో కొన్ని' అన్న పదబంధమే హెబ్రీలో కనిపించడం ఆయన వాదానికి బలమిచ్చింది. ఆ లేఖలో చర్చించినవి శుద్ధికి, బలులకు సంబంధించిన నియమాలు. అందులోనే దాన్ని రాసినవారు తాము జనసమూహంనుంచి వేరైపోయామని కూడా చెప్పుకొంటారు. కేఫా 'వేరై పోయెను' అన్న మాట పక్కన దాన్ని పెట్టి చదివితే, తగాదా దేనిమీదో చేతికి తగిలినట్టు తెలుస్తుంది.

అంతియొకయలో జరిగింది ఇది. యూదులైన విశ్వాసులు, అన్యజనులైన విశ్వాసులు ఒకే బంతిలో కూర్చుని భోజనం చేస్తున్నారు. కేఫా కూడా వారితో కూర్చున్నాడు. యెరూషలేమునుంచి, అక్కడి సంఘానికి పెద్ద అయిన యాకోబు తాలూకు మనుషులు వచ్చారు. కేఫా మెల్లగా లేచాడు. అతణ్ణి చూసి మిగిలిన యూదులు లేచారు, చివరికి పౌలు సహచరుడు బర్నబా కూడా లేచాడు. కేఫా తన సిద్ధాంతాన్ని మార్చుకొన్నట్టు పౌలు ఎక్కడా చెప్పడు. విశ్వాసప్రమాణంలో ఏ మాటా మారలేదు, మారింది కూర్చునే చోటు మాత్రమే. అయినా 'సువార్త సత్యము చొప్పున' నడవడం లేదని పౌలు అందరి ఎదుట అతణ్ణి నిలదీశాడు. మన భాషలో 'బంతిలో వలపక్షం' అన్న మాట ఉంది. ఒకే బంతిలో కూర్చున్నవారిలో కొందరికి ఎక్కువ, కొందరికి తక్కువ వడ్డించడం మహాపాపమని మన పెద్దలు అనేవారు. కేఫా చేసింది దానికంటె పెద్దది, అతడు బంతినే రెండుగా చీల్చాడు.

ఇక్కడ మన పాత తెలుగు అనువాదం ఒక మేలు చేసింది. 14వ వచనంలో 'అందరి యెదుట కేఫాతో నేను చెప్పినదేమనగా' అని పౌలు మాట మొదలవుతుంది. తెలుగులో ఎవరైనా అన్న మాటను 'అని' అంటూ ముగిస్తాము. కాని 'చెప్పినదేమనగా' అని మొదలుపెట్టినప్పుడు ముగింపు పదం అక్కరలేదు, మాట అట్లా సాగిపోతుంది. గ్రీకు మూలంలోనూ ఉల్లేఖన చిహ్నాలు లేవు. కేఫాతో పౌలు అన్న మాట 14వ వచనంతో ఆగిందా, 21వ వచనం దాకా సాగిందా అన్నది వ్యాఖ్యాతలు ఇప్పటికీ తర్కించుకొనే విషయం. ఆ చిహ్నాలు వాడే ఇంగ్లీషు బైబిళ్లు ఎక్కడో ఒకచోట వాటిని మూయక తప్పదు. మన బైబిలు మూయలేదు. సాగిందనే నేను నమ్ముతున్నాను, ఎందుకంటే 15వ వచనంలో 'మనము' అన్నది పౌలు, కేఫా ఇద్దరినీ కలుపుకొనే మాట. అట్లా అయితే, మేము కంఠతా పట్టిన 16వ వచనాన్ని పౌలు తన గదిలో కూర్చుని ఏకాంతంగా ఆలోచించి రాయలేదు. వదిలేసి లేచిన భోజనం ఎదురుగా ఉండగా, లేచిన మనిషి ముఖం చూస్తూ అన్న మాట అది.

తెలుగు మాటల సంగతి వచ్చింది కనుక మరి రెండు చెప్పాలి. లూథర్ 1522లో కొత్త నిబంధనను జర్మన్‌లోకి అనువదిస్తూ, రోమా 3:28లో గ్రీకులో లేని 'మాత్రమే' అన్న పదాన్ని చేర్చాడు. దానిమీద పెద్ద రగడ జరిగింది. 1530లో అనువాదాన్ని గురించి రాసిన బహిరంగ లేఖలో, జర్మన్ నుడికారం ఆ పదాన్ని కోరుతుందని, బజారులో మనిషి మాట్లాడే తీరు చూసి అనువదించాలని ఆయన సమాధానమిచ్చాడు. మన తెలుగులో అదే వచనం 'విశ్వాసమువలననే' అని ఉంది. జర్మన్‌లో ఒక పదం చేసిన పనిని తెలుగులో ఒక్క ఏకారం చేసింది, ఏ రగడా లేకుండా లూథర్ మన బైబిల్లోకి ప్రవేశించాడు. రెండవది 'తీర్చబడుట'. గ్రీకు క్రియకు నీతిమంతుడని తీర్పు చెప్పడం అని అర్థమా, నీతిమంతుణ్ణి చేయడం అని అర్థమా అన్నదాని మీద ప్రొటెస్టెంట్లు, కాథలిక్కులు నాలుగు శతాబ్దాలకు పైగా తగవులాడి, 1999 అక్టోబరు 31న ఆగ్స్‌బర్గ్‌లో లూథరన్ ప్రపంచ సమాఖ్య, రోమన్ కాథలిక్ సంఘం ఉమ్మడి ప్రకటన మీద సంతకాలు చేసేదాకా వచ్చారు. తెలుగులో 'తీర్చు' అన్న ధాతువులోనే తీర్పూ ఉంది, తీర్చిదిద్దడమూ ఉంది. ముగ్గు తీర్చే చేతిని, తీర్పు తీర్చే నోటిని ఒకే మాటతో చెప్పే భాష మనది. ఆ పదాన్ని ఎన్నుకొన్నవారు ఇదంతా తలచి చేశారో లేదో గాని, పదం దొరికింది.

'ధర్మశాస్త్రము' అన్న పదం మాత్రం అంత తేలికైనది కాదు. మోషే ద్వారా యూదులకు వచ్చిన తోరాకు మనం వాడుకొన్న ఈ పేరు, మన దేశంలో ఎవరు ఎవరితో కూర్చుని తినవచ్చో, ఎవరి నీళ్లు ఎవరు ముట్టవచ్చో నిర్ణయించిన గ్రంథాల పేరు కూడా. రెండూ ఒకటి కావు, తోరాను మనుధర్మంతో సమానం చేయడం యూదులకు మరో అన్యాయం చేయడమే అవుతుంది. కాని 'ధర్మశాస్త్ర సంబంధమైన క్రియలు' అన్న మాట విన్న తెలుగువాడికి, పల్లె బయట పుట్టిన తెలుగువాడికి, విడిగా పెట్టిన గ్లాసు గుర్తుకు రావడం సహజం. డన్ ఎంతో శ్రమపడి తన పాఠకులకు వివరించవలసి వచ్చిన సంగతి మనవాళ్లకు అడగకుండానే అర్థమవుతుంది.

ఇంతవరకు చెప్పినదాన్నిబట్టి నేను లూథర్‌ను వదిలేశానని అనుకోవద్దు. డన్ వాదాన్ని మరీ ఇరుకుగా పట్టుకొంటే రోమా నాలుగవ అధ్యాయం అడ్డుపడుతుంది. అక్కడ పౌలు 'పని చేయువానికి జీతము ఋణమేగాని దానమని యెంచబడదు' అంటాడు, ఆ వెంటనే దేవుణ్ణి భక్తిహీనుణ్ణి నీతిమంతుడుగా తీర్చేవాడని అంటాడు. అది సున్నతిని, ఆహారాన్ని మించిన మాట. కొత్త దృక్పథాన్ని విమర్శించిన స్టీఫెన్ వెస్టర్‌హోమ్ వంటి పండితులు దీన్ని పదేపదే గుర్తుచేశారు, వారు చెప్పింది సరైనదే. నాకు దారి చూపినది పండితుడు జాన్ బార్క్లే 2015లో పౌలును, దానాన్ని గురించి వెలువరించిన గ్రంథం. ప్రాచీన ప్రపంచంలో దానం యోగ్యుణ్ణి చూసి చేయవలసినదని, అయోగ్యుడికి ఇచ్చేవాడు అవివేకి అని సాధారణంగా నమ్మేవారని, పౌలు ప్రకటించిన క్రీస్తు అనే దానం మాత్రం పుచ్చుకొనేవారి యోగ్యతను ఏమాత్రం చూడకుండా ఇచ్చినదని బార్క్లే వివరించాడు. తెలుగువాడికి దీనికి ఒక్క మాట చాలు: అపాత్రదానం. మన పెద్దలు దోషమని చెప్పినదాన్నే దేవుడు చేశాడని పౌలు ప్రకటిస్తున్నాడు. పాత్రత అంటే లూథర్ భయపడిన పుణ్యం కావచ్చు, కేఫా భయపడిన పుట్టుక కావచ్చు. దేవుడు దేన్నీ లెక్కలోకి తీసుకోలేదు కనుకనే ముద్దాయికి విడుదల, కనుకనే బంతిలో చోటు. ఆ రెండింటినీ విడదీసింది మనమే గాని పౌలు కాదు.

ఈ నేల మీద ఆ వాక్యాన్ని అట్లా చదివినవారు లేకపోలేదు. 1866లో ఒంగోలు చేరిన బాప్టిస్టు మిషనరీ జాన్ క్లౌ దగ్గరికి పై కులాలవారు కొందరు సువార్త వినడానికి వస్తుండగా, యెర్రగుంట్ల పేరయ్య వెంట మాదిగలు విశ్వాసులై రావడం మొదలుపెట్టారు. వాళ్లను చేర్చుకొంటే మేము రాము అని పై కులాలవారు తేల్చి చెప్పారు. క్లౌ, ఆయన భార్య వేర్వేరుగా ప్రార్థన చేసి బైబిలు తెరిస్తే, ఇద్దరికీ కొరింథీయులకు వ్రాసిన మొదటి పత్రిక మొదటి అధ్యాయంలో, లోకంలో ఎన్నికలేనివారిని దేవుడు ఏర్పరచుకొన్నాడన్న వచనాలే కంటపడ్డాయని క్లౌ తన జ్ఞాపకాలలో రాశాడు. వారు మాదిగలను చేర్చుకొన్నారు. వెళ్లిపోయినవారు వెళ్లిపోయారు. స్టెండాల్‌కు, డన్‌కు దాదాపు వంద సంవత్సరాల ముందే, ఏ విశ్వవిద్యాలయమూ లేనిచోట, అంతియొకయ ప్రశ్నకు ఒంగోలులో జవాబు దొరికింది.

కాని జవాబు దొరికినంత మాత్రాన అది నిలిచి ఉండదు. మా చిన్నప్పుడు ఒక సంఘంలో క్రిస్మస్ ప్రేమవిందు జరిగింది. బల్ల ఆదివారం, అంటే ప్రభువు భోజనం ఇచ్చే ఆదివారం, మేమందరం ఒకే గిన్నెలో పాలుపుచ్చుకొనేవాళ్లం. ఆ రోజు పక్క పల్లె విశ్వాసులు కూడా వచ్చారు. విస్తళ్లు పరిచి అన్నం వడ్డిస్తుండగా, మా వరుసలో కూర్చున్న నలుగురు పెద్దమనుషులు ఏదో పని గుర్తుకొచ్చినట్టు లేచి, ఒక పెద్ద ఇంటికి వెళ్లి అక్కడ భోజనం చేశారు. నా పక్కన ఖాళీ అయిన విస్తరి మీద అప్పటికే పప్పు వడ్డించారు. ఆ పప్పు చుట్టూ నెయ్యి పేరుకొంటుంటే నేను చూస్తూ కూర్చున్నాను. నాన్నగారు ఏమీ అనలేదు. ఆయన లేవనూ లేదు. ఆ మధ్యాహ్నం చూసినదానికి, ఆయన ఎర్ర పెన్సిలుతో గీసిన వచనానికి సంబంధం ఉందని నాకు చెప్పినవాళ్లు ఎవరూ లేరు. ఉందని తెలుసుకోవడానికి నాకు ఇరవై ఏళ్లు పట్టింది.

పోయిన నెల మా ఇంట్లో జరిగే బైబిలు పఠనంలో 11వ వచనంనుంచి 21 వరకు మధ్యలో ఆగకుండా చదివించాను. చదవడం అయ్యాక కొంతసేపు ఎవరూ మాట్లాడలేదు. తరువాత మా సంఘంలో అందరికంటె పెద్దావిడ, కళ్లజోడు తీసి ఒళ్లో పెట్టుకొని అడిగింది: "మరి కేఫా గారు మళ్లీ వచ్చి కూర్చున్నారా, బాబూ?"

పౌలు ఆ సంగతి రాయలేదమ్మా అని చెప్పాను.